లివర్‌లో ఏమీ లేని లివర్ కేసు

కేస్ షీట్‌లో 'ముఖ్య సమస్య' అని ఒక గడి ఉంటుంది. అక్కడ రోగి మాటల్ని ఉన్నవి ఉన్నట్టుగా రాయాలి. ఈ కేసులో నేను రాసుకున్నది ఇది: "పిల్లోనికి ఎనిమిది నెలల నుంచి ఎస్‌జీపీటీ ఉంది సార్."

జ్వరం ఉంది, దగ్గు ఉంది అన్నట్టే ఎస్‌జీపీటీ ఉంది అంటున్నారు. నిజానికి ఎస్‌జీపీటీ అనేది రక్త పరీక్షలో కొలిచే ఒక ఎంజైమ్. అది అందరికీ ఉంటుంది, అది లేకుండా ఒంట్లో పని జరగదు. అయినా ఆ తల్లిని తప్పు పట్టడానికి లేదు. ఆమె చేతిలోని పాత చీటీలన్నిటి మీదా 'డయాగ్నసిస్' ఎదురుగా "ఎలివేటెడ్ లివర్ ఎంజైమ్స్" అనే ఉంది. రోగం పేరు రాయాల్సిన చోట పరీక్ష పేరు రాశారు. పరీక్ష పేరు ముందు లివర్ అనే మాట కూడా చేర్చారు. ఈ కేసు అంతా ఆ ఒక్క మాట చుట్టూ తిరిగింది కాబట్టే దీన్ని వివరంగా రాస్తున్నాను. తల్లిదండ్రుల అనుమతి తీసుకున్నాను, గుర్తు పట్టే వివరాలు మార్చాను.

అబ్బాయికి ఆరేళ్లు. మైదుకూరు దగ్గర పల్లె. తండ్రి కువైట్‌లో డ్రైవరు. కడపలో నా క్లినిక్‌కు తల్లి, జేజి తీసుకొచ్చారు. జేజి అంటే నాన్నమ్మ. తండ్రి వాట్సాప్ కాల్‌లో ఉన్నాడు.

ఫైల్‌లో ఏముంది

ఎనిమిది నెలల కింద మూడు రోజుల జ్వరం వచ్చింది. ఊళ్లో సూది వేయించారు, తగ్గకపోతే టౌనులో రక్త పరీక్షల ప్యాకేజీ చేయించారు. మలేరియా లేదు, డెంగీ లేదు, టైఫాయిడ్ లేదు. కానీ ప్యాకేజీలో లివర్ ఫంక్షన్ టెస్టు కూడా ఉంది. అందులో ఎస్‌జీపీటీ 312, ఎస్‌జీఓటీ 268. రెండూ 40 లోపు ఉండాలని పక్కనే అచ్చేసి ఉంది. జ్వరం నాలుగో రోజు దానంతటదే పోయింది. ఎస్‌జీపీటీ మాత్రం పోలేదు. నెల తర్వాత చూస్తే 338, ఆ తర్వాత 305, మళ్లీ 346.

ఈలోపు పిల్లాడికి రెండు రకాల వైద్యం నడిచింది. ఒకటి లివర్ సిరప్పులు, అర్సోడియాక్సీకోలిక్ యాసిడ్ మాత్రలు. రెండోది పక్క ఊళ్లో పసరు. లివర్ అన్నారు కాబట్టి కామెర్లే అనుకున్నారు, కామెర్లు కాబట్టి పసరు, పసరు తాగాడు కాబట్టి పత్యం. నూనె లేదు, కారం లేదు, గుడ్డు లేదు, కూర లేదు. సంగటిలో మజ్జిగ, అన్నంలో మజ్జిగ. చెనిక్కాయలు పండించే ఇంట్లో పిల్లాడికి ఊరుబిండి, అంటే చెనిక్కాయల పచ్చడి, బంద్. బరువు 17 కిలోల నుంచి 15న్నరకు దిగింది. ఎవరికీ అనుమానం రాలేదు. లివర్ రోగం కదా, చిక్కిపోకుండా ఎట్లా ఉంటాడు అనుకున్నారు.

తర్వాత ఒక నగరంలోని పెద్ద ఆసుపత్రికి తీసుకెళ్లారు. అక్కడ పద్ధతి ప్రకారమే చూశారు. హెపటైటిస్ ఏ, బీ, సీ, ఈ పరీక్షలు చేశారు. విల్సన్ జబ్బు కోసం సెరులోప్లాస్మిన్ చూశారు. ఆటోఇమ్యూన్ యాంటీబాడీలు చూశారు. అల్ట్రాసౌండ్ తీశారు. అన్నీ మామూలే. ఏ కారణమూ దొరకలేదు కాబట్టి లివర్ బయాప్సీకి, అంటే సూదితో చిన్న ముక్క తీసి చూడటానికి, తేదీ ఇచ్చారు, మత్తు ఇచ్చి చేస్తామన్నారు. డబ్బు కట్టే ముందు ఒకసారి అడిగి పోదామని నా దగ్గరికొచ్చారు.

లివర్ అని ఒప్పుకున్న తర్వాత ఆ డాక్టర్లు వేసిన ప్రతి అడుగూ సరైనదే. చిక్కంతా మొదటి అడుగులో ఉంది.

గదిలో కనిపించినవి

ముందు కళ్లు చూశాను. తెల్లగా ఉన్నాయి. "ఎప్పుడన్నా పచ్చగా అయినాయా అమ్మా?" అంటే లేదంది. మూత్రం ముదురు రంగు? లేదు. ఒంటి దురద? లేదు. పొట్ట తడిమితే లివర్ చేతికి తగల్లేదు.

పిల్లలు నా గదిలోకి రాగానే నేల మీద ఉన్న బొమ్మల దగ్గర కూర్చుంటారు. వీడూ కూర్చున్నాడు. లేవమన్నప్పుడు ముందు బోర్లా తిరిగి చేతులూ కాళ్లూ నేలకు ఆనించాడు. పిరుదులు పైకెత్తాడు. ఒక చెయ్యి మోకాలి మీద, రెండోది తొడ మీద, అట్లా తన కాళ్ల మీద తనే ఎక్కుతున్నట్టు చేతులు మార్చుకుంటూ నిటారయ్యాడు. బ్రిటిష్ న్యూరాలజిస్టు విలియమ్ గోవర్స్ 1879లో వర్ణించిన తీరు ఇదే. తుంటి, తొడ కండరాల్లో బలం లేనివాళ్లు ఇట్లాగే లేస్తారు. దీన్ని చూడటానికి యంత్రం అక్కర్లేదు, పిల్లాణ్ని కుర్చీలో కాకుండా నేల మీద కూర్చోబెడితే చాలు.

పిక్కలు చూశాను. సన్నబడిన ఒంటికి అవి అతకలేదు. గట్టిగా, లావుగా ఉన్నాయి. జేజి గర్వంగా చెప్పింది: "మావోనివి పైల్వాన్ పిక్కలు సార్. ఏమి లాభం, ఉరకలేడు." నడిస్తే మునివేళ్ల మీద, నడుము ముందుకు తోసి నడుస్తున్నాడు.

అప్పుడు అడగాల్సినవి అడిగాను. నడక ఏడాదిన్నర దాటాక వచ్చింది. గెంతడం ఎప్పుడూ రాలేదు. మిద్దె మెట్లు ఎక్కాలంటే గోడ పట్టుకుంటాడు. బడిలో ఆటల్లో పడిపోతుంటే టీచరు పక్కన కూర్చోబెడుతోంది. ఇవన్నీ జ్వరం రాకముందు నుంచీ ఉన్నవే. కానీ ఎనిమిది నెలల్లో ఎవరికీ చెప్పలేదు, ఎవరూ అడగలేదు. "లివర్ వీక్‌నెస్ అనుకున్యాం సార్" అంది తల్లి.

అవే రిపోర్టులు, రెండోసారి

ఇప్పుడు ఫైల్ మళ్లీ తీస్తే అంకెలు వేరేగా కనిపిస్తాయి. బిలిరుబిన్ ప్రతిసారీ 0.4, 0.5, 0.6. ఆల్బుమిన్ 4.2. రక్తం గడ్డకట్టే సమయం మామూలే. లివర్ తయారు చేసేవి, లివర్ వదిలించేవి అన్నీ సరిగ్గా ఉన్నాయి. నిజానికి లివర్ ఎట్లా పనిచేస్తోందో చెప్పేవి ఇవే. ఎస్‌జీపీటీ, ఎస్‌జీఓటీ లివర్ పనిని కొలవవు. కణాల్లో ఉండాల్సిన ఎంజైమ్ ఎంత బయటికి కారి రక్తంలో చేరిందో మాత్రమే చెబుతాయి. ఏ కణాల్లోంచి కారిందో చెప్పవు.

ఆల్కలైన్ ఫాస్ఫటేజ్ 290 ఉంది, పక్కన ఎరుపు గీత ఉంది. లివర్ మీద అనుమానం పెంచిన వాటిలో ఇదీ ఒకటి. ల్యాబ్ పెద్దవాళ్ల హద్దులు అచ్చేసింది. ఎదిగే పిల్లల ఎముకల్లోంచి ఈ ఎంజైమ్ బాగా వస్తుంది, ఆరేళ్లవాడికి 290 మామూలు సంగతి. పిల్లల రిపోర్టు మీద పెద్దల హద్దులు అచ్చు వేయడం మన దగ్గర ఎప్పుడు మానతారో!

ఫైల్ మొత్తంలో లేనివి రెండు. ఒకటి జీజీటీ. గామా గ్లూటమైల్ ట్రాన్స్‌ఫరేజ్ అనే ఈ ఎంజైమ్ లివర్‌లో, పిత్తనాళాల్లో ఉంటుంది, కండరాల్లో దాదాపు ఉండదు. ఎస్‌జీపీటీ పెరిగి జీజీటీ మామూలుగా ఉంటే లివర్ బయట కూడా వెతకాలి. రెండోది క్రియాటిన్ కైనేజ్, పొట్టిగా సీకే, కండరాల్లో ఎక్కువగా ఉండే ఎంజైమ్. ఆ రెండూ రాసిచ్చాను.

ఎస్‌జీపీటీ అంటే ఏమిటి

తండ్రి ఫోన్‌లో అడిగిన ప్రశ్న నుంచి మొదలుపెడతాను. టౌను ల్యాబ్ రిపోర్టులో ఎస్‌జీపీటీ 346 అని ఉంది. నగరంలోని ఆసుపత్రి రిపోర్టులో ఏఎల్‌టీ 331 అని ఉంది. "సార్, ఎస్‌జీపీటీతో పాటు ఈ ఏఎల్‌టీ గూడా కొత్తగా వచ్చిందా?" అన్నాడు. ఆయన కువైట్ మెడికల్ కోసం తన పరీక్షలు చేయించుకున్నవాడు, తన ఎస్‌జీపీటీ 28 అని గుర్తుపెట్టుకున్నవాడు. కొడుకు రిపోర్టులో రెండు పేర్లు, రెండు పెద్ద అంకెలు చూసి రెండు జబ్బులనుకున్నాడు.

రెండూ ఒక్కటే ఎంజైమ్. పాత పేరు సీరమ్ గ్లూటమిక్ పైరువిక్ ట్రాన్సామినేజ్. దాని పొడి అక్షరాలే ఎస్‌జీపీటీ. కొత్త పేరు అలనైన్ అమైనోట్రాన్స్‌ఫరేజ్, అంటే ఏఎల్‌టీ. అట్లాగే ఎస్‌జీఓటీ అంటే సీరమ్ గ్లూటమిక్ ఆక్సలోఅసిటిక్ ట్రాన్సామినేజ్, కొత్త పేరు ఆస్పర్టేట్ అమైనోట్రాన్స్‌ఫరేజ్, ఏఎస్‌టీ. అంతర్జాతీయంగా ఎంజైములకు పద్ధతిగా పేర్లు పెట్టే పని 1950ల్లో మొదలైంది, 1961లో మొదటి నివేదిక వచ్చింది. ఆ పద్ధతిలో ట్రాన్సామినేజ్ పోయి అమైనోట్రాన్స్‌ఫరేజ్ వచ్చింది. మన ల్యాబుల్లో, మన నోళ్లలో మాత్రం పాత పేరే నిలిచిపోయింది. రెండు పేర్లూ వాడుకలో ఉన్నంత కాలం రిపోర్టు మీద రెండూ పక్కపక్కన అచ్చు వేస్తే ఆ తండ్రిలాంటివాళ్లకు ఒక టెన్షన్ తగ్గుతుంది.

పేరును ఒక్కో ముక్కా చూడండి. సీరమ్ అనేది ఎంజైమ్ పేరులో భాగమే కాదు, ఎందులో కొలిచామో చెప్పే మాట. ట్రాన్సామినేజ్ అనేది చేసే పని: ఒక అణువు మీది అమైనో గుంపును తీసి ఇంకో అణువుకు తగిలించడం. ఈ ఎంజైమ్ అలనైన్ నుంచి అమైనో గుంపు తీసి ఆల్ఫా కీటోగ్లూటరేట్‌కు ఇస్తుంది. అలనైన్ పైరువేట్ అవుతుంది, కీటోగ్లూటరేట్ గ్లూటమేట్ అవుతుంది. పాత పేరు ఆ చివర తయారైన రెండింటి మీదుగా పెట్టారు, కొత్త పేరు మొదట ఇచ్చిన అలనైన్ మీదుగా పెట్టారు. ఈ పనికి విటమిన్ బీ6 నుంచి వచ్చే పైరిడాక్సల్ ఫాస్ఫేట్ తోడు కావాలి. ఇంతే. పేరు మొత్తం వెతికినా లివర్ అనే మాట ఎక్కడా లేదు. ఎంజైమ్ పేరు అది చేసే పని చెబుతుంది, అది ఉండే చోటు చెప్పదు.

ఈ ఎంజైమ్ లివర్‌లో చాలా ఎక్కువ, అందులో అబద్ధం లేదు. కానీ కండరంలోనూ ఉంది, అక్కడ దానికి నిత్యం పనుంది. గ్లూకోజ్ వాడుకోగా మిగిలిన పైరువేట్‌ను కండరం అలనైన్‌గా మార్చి రక్తంలోకి వదులుతుంది, లివర్ దాన్ని అందుకుని మళ్లీ గ్లూకోజ్ చేస్తుంది. ఈ చక్రంలో రెండు చివరలా ఇదే ఎంజైమ్. మాస్కోలో బ్రౌన్‌స్టైన్, క్రిట్జ్‌మన్ 1937లో ట్రాన్సామినేషన్‌ను కనిపెట్టింది కూడా లివర్‌లో కాదు, పావురం రొమ్ము కండరంలో.

ఎస్‌జీఓటీ కథ ఇంకా తమాషాగా ఉంటుంది. 1954లో న్యూయార్క్‌లో లడ్యూ, రోబ్లెవ్‌స్కీ, కార్మెన్ అనే ముగ్గురు గుండెపోటు రోగుల రక్తంలో ఇది పెరుగుతోందని చూపించారు. అంటే మొదట దీనికి పేరొచ్చింది గుండె పరీక్షగా. మా సీనియర్లు చదువుకున్న రోజుల్లో సీపీకే, ఎల్‌డీహెచ్‌తో పాటు ఎస్‌జీఓటీని కూడా కార్డియాక్ ఎంజైములలో రాసేవాళ్లు. ట్రోపోనిన్ అనే కొత్త గుండె పరీక్ష వచ్చాక గుండె వైపు దాని అవసరం తీరిపోయింది, లివర్ ప్యాకేజీలో స్థిరపడింది. ఎంజైమ్ అదే, మనం రాసే శీర్షిక మారింది.

ఇక్కడ ఒక మెలిక ఉంది, జూనియర్ డాక్టర్లు దీన్ని గుర్తుంచుకోవాలి. కండరం దెబ్బతింటే ఎస్‌జీఓటీ ఎక్కువగా, ఎస్‌జీపీటీ తక్కువగా పెరుగుతుందని చదువుకుంటాం. వీడికి ఎస్‌జీపీటీయే కాస్త ఎక్కువ. అందుకే లివర్ అనే నమ్మకం గట్టిపడింది. ఒక్కసారి తగిలిన దెబ్బకైతే ఆ లెక్క సరిపోతుంది. ఏళ్ల తరబడి రోజూ కండరం కొద్దికొద్దిగా చెడుతున్నప్పుడు సరిపోదు. రక్తంలో ఎస్‌జీఓటీ సగానికి తగ్గడానికి సుమారు 17 గంటలు పడితే, ఎస్‌జీపీటీకి సుమారు 47 గంటలు పడుతుంది. నెమ్మదిగా పోయేది పోగుపడుతుంది. కాబట్టి దీర్ఘకాల కండర జబ్బుల్లో రెండూ సమానంగానో, ఎస్‌జీపీటీ కొంచెం పైనో ఉండటం వింత కాదు.

పెద్దవాళ్లలో కూడా ఇదే పొరపాటు జరుగుతుంది. గల్ఫ్ మెడికల్‌కు పోయే ముందు ఒళ్లు బాగుండాలని జిమ్‌లో బరువులెత్తి, ఆ వారంలోనే రక్తం ఇచ్చిన కుర్రాళ్లు ఎస్‌జీఓటీ పెరిగిందని బెంబేలెత్తి వస్తుంటారు. అలవాటు లేని గట్టి వ్యాయామం తర్వాత ఈ రెండు ఎంజైములూ వారం దాకా ఎక్కువగా ఉండొచ్చు. విశ్రాంతి తీసుకుని మళ్లీ చేయించుకుంటే చాలా మందికి దిగిపోతాయి. తాగుడు అలవాటు లేనివాణ్ని ఇంట్లోవాళ్లు అనుమానించడం మాత్రం ఆ వారంలోనే జరిగిపోతుంది.

సీకే అంటే సీకే-ఎంబీ వచ్చింది

నేను చీటీ మీద 'సీకే టోటల్' అని రాశాను. ల్యాబ్‌లో చేసింది సీకే-ఎంబీ. ఛాతీ నొప్పి కేసుల్లో వాళ్లకు రోజూ వచ్చేది అదే కాబట్టి చెయ్యి అటే పోయింది. ఫలితం 400 దాటింది. రిపోర్టు కింద ముందే అచ్చయి ఉన్న వాక్యం: గుండె కండరానికి దెబ్బ తగిలిన సూచన, హృద్రోగ నిపుణుణ్ని కలవండి. ఆ పీడీఎఫ్ నా కంటే ముందు కువైట్ చేరింది. తండ్రి గొంతు వణుకుతోంది: "సార్, వీనికి హార్ట్ ఎటాకా?"

కాదు. క్రియాటిన్ కైనేజ్ రెండు ముక్కలు కలిసిన అణువు. ముక్కల్లో ఎం రకం, బీ రకం ఉన్నాయి. ఎం అంటే మజిల్, బీ అంటే బ్రెయిన్. మామూలు కండరంలో దాదాపు అంతా ఎంఎం. గుండెలో ఎంబీ వాటా కొంచెం ఎక్కువ, అందుకే అది గుండె పరీక్షగా వాడుకలోకి వచ్చింది. కానీ చెడి, మళ్లీ పుట్టడానికి తంటాలు పడే కండరం బీ ముక్కను కూడా తయారు చేస్తుంది. అందుకే ఇట్లాంటి పిల్లల్లో గుండెపోటు లేకుండానే ఎంబీ పెరుగుతుంది. ఈసారి కూడా పరీక్షకు తగిలించిన అవయవం పేరు దారి తప్పించింది.

టోటల్ చేయమని మళ్లీ పంపాను. ల్యాబ్ నుంచి ఫోన్: "సార్, సీకే అంటే సీపీకేనా?" అవును, క్రియాటిన్ ఫాస్ఫోకైనేజ్ అనేది దానికే పాత పేరు. కాసేపటికి ఇంకో ఫోన్: "2000 పైన అని చూపిస్తోంది సార్, అట్లే ఇచ్చేయమంటారా?" యంత్రం కొలిచే హద్దు దాటినప్పుడు సీరమ్‌ను పలుచన చేసి మళ్లీ పెట్టాలి, అప్పుడే అసలు అంకె తెలుస్తుంది. 2000 పైన అంటే 2,500 కావచ్చు, 25,000 కావచ్చు, రెండింటికీ అర్థం ఒకటి కాదు. ఆ టెక్నీషియన్ ఓపిగ్గా చేశాడు. వచ్చింది 18,640. మామూలుగా 200 లోపు ఉండాలి. జీజీటీ 13, పూర్తిగా మామూలు.

ఆరేళ్ల మగపిల్లాడు, లేచే తీరు, పిక్కలు, వేలల్లో సీకే. కండరాలు క్రమంగా క్షీణించే జన్యు జబ్బు డూషెన్ మస్క్యులర్ డిస్ట్రోఫీ అనడానికి ఇంతకంటే పెద్ద ఆధారం క్లినిక్‌లో దొరకదు. ఈ జబ్బులో సీకే పెరుగుతుందని జపాన్‌లో ఎబాషి బృందం 1959లోనే చూపించింది. కండర కణం పొరను లోపలి నుంచి పట్టి ఉంచే డిస్ట్రోఫిన్ అనే ప్రోటీన్ ఈ పిల్లల్లో తయారు కాదు. ప్రతి కదలికకూ పొర చిరుగుతుంది, లోపలి ఎంజైములు బయటికొస్తాయి. సీకే, ఎస్‌జీఓటీ, ఎస్‌జీపీటీ, ఎల్‌డీహెచ్ అన్నీ ఒకే చిరుగులోంచి వచ్చాయి. మనవాళ్లు ప్యాకేజీలో ఉన్న రెండింటిని చూసి లివర్ అన్నారు.

రక్తం హైదరాబాద్ పంపి ఎంఎల్‌పీఏ అనే జన్యు పరీక్ష చేయించాం. డిస్ట్రోఫిన్ జన్యువులో ఎక్సాన్లు అనే ముక్కలు 79 ఉంటాయి. వీడికి 48 నుంచి 50 దాకా మూడు లేవు. వాటి తర్వాతి అక్షరాల వరుస తప్పిపోవడంతో ప్రోటీన్ సగంలోనే ఆగిపోతోంది. దాంతో లివర్ బయాప్సీ మాటే కాదు, కండరం బయాప్సీ అవసరం కూడా లేకపోయింది.

బయాప్సీ ఆగడం గురించి ఒక మాట. సూది గుచ్చడం తప్పింది అన్న సంతోషం చిన్నది. మత్తు ఇచ్చేటప్పుడు కండరాలు సడలించడానికి వాడే సక్సినైల్‌కోలిన్ ఈ పిల్లల్లో కండరాల్లోని పొటాషియంను ఒక్కసారిగా రక్తంలోకి తోసి గుండె ఆపేయగలదు. పీల్చే మత్తు వాయువులతో కూడా కండరం ఒక్కసారిగా చెడే ప్రమాదం ఉంది. జబ్బు తెలిసి ఉంటే అనస్థీషియా డాక్టరు వేరే మందులతో జాగ్రత్తగా చేస్తారు. లివర్ కేసు అని చీటీ మీద ఉంటే ఆ జాగ్రత్త ఎవరికి తట్టేది?

జేజి చెప్పిన సంగతి

కుటుంబంలో ఇట్లాంటివాళ్లు ఉన్నారా అంటే మొదట లేరన్నారు. అమ్మ తరఫు మగపిల్లల గురించి విడిగా అడిగాను. తల్లి తల దించుకుంది. జేజి చెప్పింది: "మా అన్న కొడుకు ఒకడు ఉన్న్యాడు సార్. పోలియో అన్యారు. పదేండ్లకు నడక పాయె, పదిహేడేండ్లకు పిల్లోడే పాయె." ఆ అన్న కూతురే ఈ పిల్లాడి తల్లి. అంటే మేనరికం.

రాయలసీమలో ఏ పిల్లాడికి ఏ జబ్బు వచ్చినా మేనరికం మీదికి పోతుంది. చాలా జబ్బుల్లో అది న్యాయమే, ఇక్కడ కాదు. డిస్ట్రోఫిన్ జన్యువు ఎక్స్ క్రోమోజోమ్ మీద ఉంటుంది, మగపిల్లాడికి ఆ ఎక్స్ తల్లి నుంచే వస్తుంది. జేజికీ ఆమె అన్నకూ ఉన్న రక్తసంబంధానికి ఈ లోపంతో పని లేదు, ఎందుకంటే అది అన్నది కాదు, ఆయన భార్యది. జేజికి వదిన. ఆమె నుంచి కొడుక్కు జబ్బుగా, కూతురికి కనిపించకుండా వచ్చింది. కూతురి నుంచి మనవడికి వచ్చింది. ఈ అమ్మాయి బయటి సంబంధం చేసుకున్నా ఇట్లాగే జరిగే అవకాశం అంతే ఉండేది.

ఇది చెప్పేటప్పుడు ఒక జాగ్రత్త తీసుకోవాలి. మేనరికం నింద పోయి, తల్లి మీదికో తల్లి తల్లి మీదికో నింద మారకూడదు. కాగితం మీద వంశవృక్షం గీసి, ఇది ఎవరూ తెచ్చుకున్నది కాదు, మూడింట ఒక వంతు పిల్లల్లో తల్లికి లేకుండానే కొత్తగా పుడుతుంది కూడా అని జేజికే ముందు చెప్పాను. ఇంట్లో మాట చెల్లేది ఆమెది. ఆమె కోడలి చెయ్యి పట్టుకుని "నీదేం తప్పు లేదులే" అంది. తల్లి పరీక్షలో క్యారియర్, అంటే జబ్బు కనిపించకుండా లోపాన్ని మోసే మనిషి, అని తేలింది. క్యారియర్ స్త్రీలలో కొందరికి వయసు మీద గుండె కండరం బలహీనపడుతుంది కాబట్టి ఆమెకూ ఎకో తీయించాం. బాగుంది.

తల్లికి ఒక చెల్లెలు ఉంది, ఏడాది కిందట పెళ్లయింది. ఆమె క్యారియర్ అయ్యే అవకాశం సగానికి సగం. అత్తగారింట్లో తెలిస్తే ఎట్లా అని భయపడ్డారు. గర్భం రాకముందే తెలుసుకుంటే దారులు ఉంటాయి, వచ్చాక తెలిస్తే గడియారంతో పోటీ పడాలి అని చెప్పాను. పుట్టింటికి వచ్చినప్పుడు రక్తం ఇచ్చి వెళ్లింది. ఆమె క్యారియర్ కాదు.

ఇప్పుడు నడుస్తున్న వైద్యం

ముందు పత్యం ఆపించాను. గుడ్డు, పప్పు, ఊరుబిండి అన్నీ మొదలయ్యాయి, రెండు నెలల్లో పోయిన బరువు తిరిగొచ్చింది. లివర్ మందులన్నీ మానేశారు. ఆటలమ్మ టీకాలాంటి మిగిలిపోయిన టీకాలు వేసి, ఆ తర్వాత డెఫ్లజాకార్ట్ అనే స్టెరాయిడ్ రోజుకు కిలోకు 0.9 మిల్లీగ్రాముల లెక్కన మొదలుపెట్టాం. ఇది జబ్బును మాన్పదు. నడక ఆగిపోవడాన్ని కొన్నేళ్లు వెనక్కి నెడుతుంది, వెన్ను వంకరను, ఊపిరి బలహీనతను ఆలస్యం చేస్తుంది. మొహం ఉబ్బుతుంది, ఎత్తు పెరగడం తగ్గుతుంది, ఎముకలు పలచనవుతాయి. ఇవన్నీ ముందే చెప్పి మొదలుపెట్టాలి, లేకపోతే మొహం ఉబ్బగానే మందు ఆపేస్తారు. ఆపితే ఒక్కసారిగా ఆపకూడదన్నది కూడా చెప్పాలి.

మడమలు బిగుసుకోకుండా రోజూ సాగదీయడం ఫిజియోథెరపిస్టు తల్లికి నేర్పింది. కండలు పెరుగుతాయని జేజి పిల్లాడితో మెట్లు ఎక్కించి దింపిస్తోంది, అది మాన్పించాం. మెట్లు దిగడం కండరాన్ని ఇంకా చింపుతుంది. ఏటా గుండె ఎకో తీయాలి. సదరం సర్టిఫికెట్ కోసం దరఖాస్తు చేశారు. 2016 వికలాంగుల హక్కుల చట్టంలో మస్క్యులర్ డిస్ట్రోఫీ పేరుతోనే ఉంది, కాబట్టి బడిలో కింది అంతస్తు గది అడగడం వాళ్ల హక్కు. టీచరు ఒప్పుకుంది.

భవిష్యత్తు గురించి తండ్రి నేరుగా అడిగాడు, నేనూ నేరుగానే చెప్పాను. మందు లేకుండా చాలా మందికి పన్నెండేళ్లలోపు నడక పోతుంది, స్టెరాయిడ్‌తో ఇంకొంత కాలం నిలుస్తుంది. గుండెకు, ఊపిరికి సరైన సమయంలో చికిత్స అందినవాళ్లు ముప్పైలలోకి కూడా వస్తున్నారు. చాలాసేపు మాట్లాడలేదాయన. తర్వాత, "అయితే లివర్‌కు ఏం లేదు కదా సార్" అన్నాడు. లేదన్నాను. ఎనిమిది నెలలుగా ఆయన వినాలనుకున్న మాట అదే. ఇప్పుడది వచ్చినా ఆయనకు ఒరిగిందేమీ లేదు.

సీకే మళ్లీ చేయించవద్దని వాళ్లకు గట్టిగా చెప్పాను. ఏళ్లు గడిచేకొద్దీ అది తగ్గుతుంది. కండరం బాగై కాదు, కారడానికి కండరమే మిగలక. ఆ అంకె తగ్గిందని పండగ చేసుకునే కుటుంబాలు ఉంటాయి. ఎస్‌జీపీటీ కూడా ఇక లెక్కలోది కాదు, వీడికి అది ఎప్పుడూ ఎక్కువే ఉంటుంది. నిజంగా లివర్ అనుమానం వస్తే జీజీటీ, బిలిరుబిన్ చూడాలి.

ఇదంతా ఒక కార్డు మీద రాసి లామినేషన్ చేయించి ఇచ్చాను: జబ్బు పేరు, సక్సినైల్‌కోలిన్ వద్దు, స్టెరాయిడ్ హఠాత్తుగా ఆపవద్దు, ఎస్‌జీపీటీ, ఎస్‌జీఓటీ పెరుగుదల కండరానిది. మొన్న చలికాలంలో జ్వరం వచ్చి టౌనులో వేరే డాక్టరుకు చూపించారు. ప్యాకేజీ పరీక్షలో ఎస్‌జీపీటీ 297 వచ్చింది. ఆయన లివర్ సిరప్ రాయబోతుంటే తల్లి కార్డు తీసి ముందు పెట్టింది. ఆయన నాకు ఫోన్ చేసి, జీజీటీ చేయించి, మామూలుగా ఉంటే పారాసిటమాల్ ఇచ్చి పంపారు.